నిద్రపోని దేవుడికి మేలుకొలుపు

తిరుమలలో రోజూ తెల్లవారకముందే బంగారు వాకిలి ముందు సుప్రభాతం చదువుతారు. సన్నిధి గొల్ల దివిటీ పట్టి ముందు నడుస్తుంటే అర్చకులు వెనుక వస్తారు. తలుపు తీయగానే తొలి దర్శనం ఆ గొల్లదే. ముందురాత్రి ఏకాంతసేవలో పాన్పు మీద పవళింపజేసిన భోగ శ్రీనివాసమూర్తిని లేపి, గర్భాలయంలో మూలమూర్తి పాదాల చెంతకు చేరుస్తారు. పాలు, వెన్న, చక్కెర నివేదించి హారతి ఇస్తారు.

లోకాలను కాపాడేవాడు నిద్రపోతాడా అన్న ప్రశ్న పాతదే. అది యోగనిద్ర, మన నిద్ర కాదని పురాణాలు సర్దిచెబుతాయి. అయితే మెలకువగానే ఉన్నవాణ్ణి లేపడమెందుకన్న చిక్కు అలాగే మిగులుతుంది. శంకరుల పేరిట వాడుకలో ఉన్న ‘పరాపూజ’ మరీ నిక్కచ్చి: అంతటా నిండినవాణ్ణి ఎక్కడినుంచి ఆవాహన చేస్తారని నిలదీస్తుంది.

తిరుమలలో పాటించే వైఖానసాగమం ఈ చిక్కును వాదంతో కాక ఏర్పాటుతో దాటింది. ధ్రువబేరమైన మూలమూర్తి ఎప్పుడూ నిలబడే ఉంటాడు. పడుకునేదీ లేచేదీ కౌతుకబేరమైన భోగ శ్రీనివాసమూర్తి. విశిష్టాద్వైతులు ఇంకో అడుగు ముందుకు వేశారు. పరమపదంలో ఎవరికీ లోబడని స్వామి అర్చామూర్తిగా వచ్చినప్పుడు స్నానానికి, తిండికి, నిద్రకు అర్చకుడి చేతిమీద ఆధారపడటానికి తానే ఒప్పుకున్నాడట. అన్ని సమాధానాల్లోనూ గట్టిది ఇదే: నిద్ర ఆయన అవసరం కాదు, భక్తుడికి ఇచ్చిన చనువు.

సుప్రభాతం రాసిన ప్రతివాది భయంకరం అణ్ణన్ వైష్ణవాచార్యుడు మణవాళ మాముని శిష్యుడు. 29 శ్లోకాల్లో మొదటిది ఆయనది కాదు, వాల్మీకి బాలకాండలోది. బల, అతిబల విద్యలు నేర్చుకుని సరయూ తీరాన గడ్డి పరుపు మీద నిద్రపోయిన రాముణ్ణి విశ్వామిత్రుడు తల్లి పేరు చెప్పి లేపుతాడు. ఎందుకు? పొద్దుటి అనుష్ఠానం చేసుకోవడానికి. అంటే అక్కడ దేవుడికీ నిత్యకర్మ తప్పలేదు. తరవాతి శ్లోకాల్లో దృశ్యం రాజనగరులా మారుతుంది. వాకిట బ్రహ్మాదులు కాచుకుని ఉంటారు. పంజరంలోని చిలుకలు గిన్నెల్లో మిగిలిన అరటిపండు, పాయసం తిని పాటలందుకుంటాయి. ఆలయంలో ఆ రాచమర్యాద అలంకారమాత్రం కాదు. కాసేపటికి జరిగే కొలువులో స్వామికి ఆనాటి తిథి, వార, నక్షత్రాలతోపాటు నిన్నటి హుండీ ఆదాయం కూడా చదివి వినిపిస్తారు!

ధనుర్మాసంలో సుప్రభాతం ఆగి తిరుప్పావై వస్తుంది. ఏకాంతసేవలో భోగ శ్రీనివాసుడి చోట కృష్ణుణ్ణి పవళింపజేస్తారు. గోదాదేవి రాసిన ఆ తిరుప్పావై 30 పాశురాల్లో 6 నుంచి 15 వరకు లేపేది దేవుణ్ణి కాదు, ఇంకా పక్క దిగని చెలికత్తెలను. వాళ్లు లేచాకే ద్వారపాలకుడు, నందగోపుడు, యశోద, కృష్ణుడి ప్రియురాలు నప్పిన్నై. లేచిన కృష్ణుణ్ణి సింహాసనం మీద కూర్చుని తమ మొర వినమంటారు గోపికలు.