చిత్రమునకు వ్యాఖ్యాత వలయునా?

మెదకు చర్చిని పగటివేళ దర్శించినవారు రంగుటద్దముల గవాక్షముల యెదుట తప్పక నిలిచిపోవుదురు. 1924వ సంవత్సరమున ప్రతిష్ఠింపబడిన యా మందిరమున క్రీస్తు జననము, శిలువ, స్వర్గారోహణము మూడు గవాక్షములందు చిత్రింపబడినవి. వెలుపల సూర్యుడున్నంతవరకే యవి మాటాడును. ప్రొద్దు గ్రుంకినతోడనే మూగవోవును. చిత్రము, కథ, వెలుగు కలిసినగాని యచ్చట కళ లేదు. చలనచిత్రమునకు మూలమైనవియు నివియే కదా!

హైదరాబాదున 'సినిమా ఘర్' నెలకొల్పిన చిత్రకారుడు మక్బూల్ ఫిదా హుసేన్ 1967లో ఫిల్మ్స్ డివిజన్ సంస్థకై రాజస్థానమున 'త్రూ ది ఐస్ ఆఫ్ ఎ పెయింటర్' అను లఘుచిత్రమును తీసెను. అందు చెప్పదగిన కథ లేదు. గొడుగు, లాంతరు, చెప్పు మున్నగు వస్తువులు, పద్యమున పదములవలె, మరల మరల వచ్చి క్రొత్త పొందికలను పొందుచుండును. ఆ యేడే యది బెర్లిను చలనచిత్రోత్సవమున లఘుచిత్రములకిచ్చు స్వర్ణభల్లూకమును బడసినది.

"ఇట్టివి పామరులకు తెలియునా?" యని విద్యావంతులు కొందరందురు. ఈ ప్రశ్నలో దయకన్న గర్వమే హెచ్చు. మెదకునకు పొరుగుననున్న సిద్దిపేట జిల్లాలోని చేర్యాలలో నకాశీ చిత్రకారులు వ్రాసిన పొడవాటి పటములను కథకులు వ్రేలాడదీసి, ఒక్కొక్క బొమ్మను చూపుచు, కులపురాణములను పాడుచుండిరి. బొమ్మను, పాటను, కథను ఏకముగా గ్రహించు నేర్పు అక్షరములు రాని శ్రోతలకు లేకుండెనా?

అయినను ఒక మాట నొప్పుకొనవలెను. పటమునకు ప్రక్కన పాడువాడుండెను. గవాక్షములకు భక్తులెరిగిన కథ యుండెను. హుసేను చిత్రమునకు ఈ రెండును లేవు. కావున నర్థము కాకపోవుటయే గొప్పతనమని కళాకారుడు భ్రమపడరాదు. గొడుగు, లాంతరువంటి యెల్లరెరిగిన వస్తువులను గైకొనుటయే యాతడు ప్రేక్షకునకు చూపు మర్యాద. కాని కొరత ప్రేక్షకుని బుద్ధిలో లేదు, ప్రక్కన కూర్చుండువాడు లేకపోవుటలో నున్నది.

ఆ స్థానము మనది. ఇట్టి చిత్రమును ఇంటిల్లిపాదియు, పనివారితో సహా, కలిసి చూడవలెను. చూచినపిమ్మట అర్థము బోధింప తొందరపడక, "నీకేమి కనబడినది?" యని మొదట వారిని అడుగవలెను. వారి యుత్తరమును శ్రద్ధతో వినుటకు సిద్ధపడనివాడు, కళ యెల్లరిదని యెంత యుపన్యసించినను ఫలమేమి?