బ్రహ్మ చెప్పిన కథలో మనుషులు

రాయలసీమలో ఏ వింత జరిగినా "బ్రహ్మంగారు ఎప్పుడో చెప్పినారు" అంటారు. ఆయన మఠం కడప జిల్లా కందిమల్లాయపల్లెలో ఉంది. కాలజ్ఞానం రాశాడని చెప్పే గుహ బనగానపల్లె దగ్గర రవ్వలకొండలో ఉంది. అన్నీ ముందే రాసిపెట్టి ఉన్నాయని నమ్మే రైతే, పదును కాగానే గొర్రు కట్టుకుని చేలోకి పోతాడు. రాతకూ చేతకూ మధ్య ఉన్న ఈ తిరకాసును ఆ సీమలోనే ఒక కవి కావ్యం చేశాడు.

ఆయన పింగళి సూరన. 16వ శతాబ్దంలో నంద్యాల కృష్ణమరాజుకు అంకితమిచ్చిన 'కళాపూర్ణోదయం' ఎనిమిది ఆశ్వాసాల కావ్యం. కథ పురాణాల్లోది కాదు, సొంత కల్పన.

బ్రహ్మ సరస్వతిని మురిపించడానికి ఒక కథ అల్లుతాడు. సరదాకు చెప్పిందే. అయినా బ్రహ్మ నోట వచ్చిన మాట కదా, లోకంలో నిజమై కూర్చుంటుంది! రంభ ప్రియుడైన నలకూబరుడి మీద మనసుపడ్డ కలభాషిణి రంభ రూపం ధరిస్తుంది. రంభ కోసం మణికంధరుడు నలకూబరుడి రూపం ఎత్తుతాడు. ఎవరి కోరిక వాళ్లదే, ఎవరి మోసం వాళ్లదే. చివరికి ఇద్దరు రంభలు ఎదురుపడి నేనంటే నేనే అసలని కొట్లాడుకుంటారు.

కలభాషిణి మరుజన్మలో మధురలాలస. మెడలో మణిహారం పడగానే ఆ పసిపాపకు పూర్వజన్మ గుర్తొస్తుంది. కళాపూర్ణ మహారాజు ఎదుటే జరిగిందంతా చెప్పేస్తుంది. తానొక కథలో నాయకుణ్ణని రాజుకు తెలిసేది అలా, ఉయ్యాల వయసు పిల్ల నోట.

కట్టమంచి రామలింగారెడ్డి 'కవిత్వతత్త్వ విచారము'లో ఈ కావ్యాన్ని తూకం వేసింది 1914లో. చిత్రంగా అదే ఏడాది స్పెయిన్‌లో ఉనమునో నవల 'నీబ్లా' వచ్చింది. అందులో ఔగుస్తో అనే పాత్ర సలమాంకా వెళ్లి సాక్షాత్తూ రచయితనే కలుస్తాడు. నువ్వు కల్పితానివి, చావడం కూడా నీ చేతిలో లేదంటాడు రచయిత. నువ్వు మాత్రం దేవుడి కలలోవాడివి కావా అని ఔగుస్తో తిరగబడతాడు.

సూరన పాత్రలకు ఈ పేచీ లేదు. లొంగిపోయారనుకుంటే పొరపాటు. కోరిక తమలో పుట్టిందే గనుక, ముందే ఎవరో పలికారని తెలిసినా అది పరాయిది కాలేదు. ఆ కోరికను పెట్టింది మాత్రం ఎవరని అడగొచ్చు. సూరన అక్కడ ఆగి వాదానికి దిగడు, కథ నడుపుతాడు. తన కథ తానే చెప్పిన ఆ పాప పెరిగి పెద్దదై, అందరు ఆడపిల్లల్లాగే కళాపూర్ణుడి కోసం విరహంతో వేగి, అతణ్ణే పెళ్లాడుతుంది.