తొమ్మిదవ స్థానము

ధ్యానభాగము: లూకా 13:6–9



ద్రాక్షతోటలో నాటబడిన అంజూరపు చెట్టు కథ మీరెరిగినదే. యజమానుడు మూడేండ్లు వరుసగా వచ్చి పండ్లు వెదకెను, ఒక్కటియు దొరకలేదు. ఇక దీనిని నరికివేయుమని ఆజ్ఞాపించెను. తోటమాలి మాత్రము ఇంకొక్క యేడు గడువు వేడుకొనెను. చెట్టు చుట్టు త్రవ్వి, ఎరువు వేసి చూచెదననెను. తరువాత ఏమి జరిగెను? చెట్టు కాచెనా, గొడ్డలికి గురియయ్యెనా? ప్రభువు చెప్పలేదు. కథను గడువు సంవత్సరము ముంగిటనే విడిచిపెట్టెను.

మనలో అనేకులు బ్రదుకుచున్నది ఆ గడువు సంవత్సరములోనే. పూర్తిగా ఎండిపోయిన వారము కాము; అట్లని పండ్లు కనబడుట లేదు. అట్టి సంవత్సరమునకు విలువ యున్నదా? ఈ ప్రశ్నను మేము ధ్యానించుచుండగా, అమెరికా దేశపు ఆటస్థలములో గడచిన ఒక సంవత్సరపు వృత్తాంతము మాకు వెలుగునిచ్చెను. దానిని మీ యెదుట ఉంచుచున్నాము.

ఆ ఆట పేరు బేస్‌బాల్. మన పిల్లలు పొలములలో ఆడుకొను క్రికెట్టునకు అది దూరపు చుట్టము. పక్షమునకు తొమ్మండుగురు, ఒకడు బంతి విసరును, ఎదుటివాడు కఱ్ఱతో కొట్టి పరుగు తీయును. ఒక్కొక్క జట్టు మార్చి చివర మొదలు సెప్టెంబరు చివర వరకు, ఇంచుమించు దినదినమును, 162 ఆటలు ఆడును. నేడు ఓడినను రేపు మరల నిలువవలెను. ఈ ఆటలో పదింట మూడు పర్యాయములు చక్కగా కొట్టగలవాడు గొప్పవాడు. అనగా ఏడు పర్యాయములు తప్పినవాడన్నమాట! నీతిమంతుడు ఏడుమారులు పడియు లేచునని సామెతల గ్రంథము 24వ అధ్యాయము చెప్పుట మనకు జ్ఞాపకము వచ్చును.

1962లో న్యూయార్కు పట్టణములో మెట్స్ అను క్రొత్త జట్టు బయలుదేరెను. మొదటి తొమ్మిది ఆటలును ఓడెను. ఆ యేడు ముగియునప్పటికి గెలిచినవి 40, ఓడినవి 120. ఆ కాలమున వారి లీగులో పది జట్లుండెను. వీరిది పదవ స్థానము. తరువాతి సంవత్సరములలో గెలుపులు 51, 53, 50, 66, 61. ఈ అంకెలను కొంచెము ఆగి చూడుడి. 53 వరకు ఎక్కి 50కి జారిరి. 66 వరకు ఎక్కి 61కి జారిరి. మెట్టు మెట్టు ఎక్కుటయే ఎదుగుదల అని మనము తలంతుము. ఎక్కుట, జారుట, మరల ఎక్కుట. నిజమైన ఎదుగుదల అనేక పర్యాయములు ఈ తీరుననే యుండును.

ఇందులో ఒక వింత గలదు. 1964లో, 109 ఆటలు ఓడిన ఈ జట్టును చూచుటకు 17 లక్షలకు పైగా జనులు వచ్చిరి. అదే పట్టణములో అదే యేడు తమ లీగులో మొదటి స్థానము గెలిచిన యాంకీసు జట్టును చూచుటకు వచ్చినవారు 13 లక్షలు. గెలువకమునుపే ప్రేమింపబడిన జట్టు ఇది. మనమింకను పాపులమై యుండగనే క్రీస్తు మన కొరకు చనిపోయెనని రోమా పత్రిక 5వ అధ్యాయములో పౌలు బోధించిన సత్యమునకు ఇది చిన్న నీడ వంటిది. అయితే ఒక భేదము చూడుడి. జనుల ప్రేమలో నవ్వులాట కూడ కలిసియుండెను. ఓడుటయే వీరికి ముద్దు అన్నట్లు వారు చూచిరి. దేవుని ప్రేమ అట్టిది కాదు. అది పడియున్న చోటనే మనలను కౌగిలించుకొనును గాని, పడియున్న చోటనే మనలను విడిచిపెట్టదు.

1968లో ఆ జట్టునకు గిల్ హాడ్జెస్ అను క్రొత్త మేనేజరు వచ్చెను. ఆయన ఓటమి ఎరుగనివాడు కాడు. 1952లో, బ్రూక్లిన్ జట్టు ఆటగాడుగా, ఆ దేశపు మహా పోటీయగు వరల్డ్ సిరీసులో ఏడు ఆటలు ఆడి, 21 పర్యాయములు కఱ్ఱ పట్టి, ఒక్క పర్యాయమైనను సరిగా కొట్టలేకపోయెను. మరుసటి వసంతకాలములో కూడ ఆయన చేయి సాగలేదు. అయినను బ్రూక్లిను జనులు ఆయనను ఎగతాళి చేయలేదు. ఓదార్పు ఉత్తరములు వ్రాసిరి. అక్కడి రోమన్ కతోలిక గురువు ఒకాయన ఒక ఆదివారమున, ఉక్క ఎక్కువగా నున్నది గనుక ప్రసంగము మానుచున్నానని చెప్పి, ఇంటికి పోయి దేవుని ఆజ్ఞలు గైకొని హాడ్జెస్ కొరకు ప్రార్థించుడని సంఘమును పంపివేసెనట! ప్రసంగము మానుట మాకు సమ్మతము కాదు గాని, ఆ ప్రార్థన మాత్రము మాకెంతయు సమ్మతము. ఆ 1953వ సంవత్సరము ముగియునప్పటికి హాడ్జెస్ సగటు వేయింటికి 302.

తరువాత ఆయన వాషింగ్టను జట్టునకు మేనేజరాయెను. ఆ జట్టు గెలుపులు 1963 మొదలు 1967 వరకు 56, 62, 70, 71, 76. పతాక శీర్షికలకెక్కు అంకెలు కావివి. కాని చుట్టు త్రవ్వి ఎరువు వేయు చేతుల గుర్తు వీటిలో కనబడుచున్నది.

అట్టివాడు మెట్సు జట్టునకు వచ్చిన యేడు ఎట్లు మొదలాయెను? ఓటమితోనే. సాన్ ఫ్రాన్సిస్కోలో మొదటి ఆట, గెలిచినట్లే యుండి, చివరి ఇన్నింగ్సులో 5–4తో ఓడిరి. ఏప్రిల్ 15న హ్యూస్టను పట్టణములో ఆడిన ఆట మరియు ఘోరము. తొమ్మిది ఇన్నింగ్సులలో ముగియవలసిన ఆట ఇరువది నాలుగు ఇన్నింగ్సుల వరకు సాగెను. ఆరు గంటలకు పైగా పట్టెను. అర్ధరాత్రి దాటి ఒంటిగంటయు దాటెను. ఏ పక్షమునకును ఒక్క పరుగు లేదు. అప్పుడు నేలబారున వచ్చిన ఒక బంతి ఆల్ వైస్ అను ఆటగాని కాళ్ల సందునుండి దాటిపోయెను. 1–0. అంత రాత్రి కష్టము ఒక్కని తప్పిదముతో పోయెను. వైస్‌తో పాటు అదే యేడు జట్టులో చేరిన టామీ ఏజీ ఆ రాత్రి పది పర్యాయములు కఱ్ఱ పట్టి పదింటను తప్పెను. ఆ వసంతములోనే ఆయన వరుసగా 34 పర్యాయములు తప్పెను. ఆ యేడు ఏజీ సగటు వేయింటికి 217, వైస్ సగటు 172.

మనమైతే ఏమి చేసియుందుము? పంపివేసియుందుము. హాడ్జెస్ వారిని పంపివేయలేదు. ఏమరుపాటును ఆయన సహించువాడు కాడు, క్రమశిక్షణ కోరువాడు. అయినను ఓటమి నిమిత్తము మనుష్యుని పారవేయువాడు కాడు. టామ్ సీవర్, జెర్రీ కూస్‌మన్ అను యౌవనులు బంతి విసరుటలో దిట్టలు. కూస్‌మన్ మిన్నెసోటా రాష్ట్రపు రైతుబిడ్డ. హాడ్జెస్‌యు, ఆయన తోడి శిక్షకుడైన రూబ్ వాకర్‌యు, నలుగురు వంతులవారీగా బంతి విసరు ఆనాటి వాడుకను విడిచి ఐదుగురికి వంతులు పంచిరి. లేతచేతులు అలసి చెడకుండ ఒక దినము ఎక్కువ విశ్రాంతినిచ్చిరి. నేడు గెలువవలెనను ఆత్రములో రేపటి చేతిని విరుగగొట్టకుండుట. ఇదియును ఎరువు వేయుటయే గదా.

ఆ యేడు కూస్‌మన్ 19 ఆటలు, సీవర్ 16 ఆటలు గెలిపించిరి. సెప్టెంబరు 24న అట్లాంటా పట్టణములో ఆట జరుగుచుండగా హాడ్జెస్‌కు గుండెనొప్పి వచ్చెను, ఆసుపత్రికి చేర్చిరి. జట్టు చివరి ఆటలు ఆడునప్పుడు ఆయన పడకమీద నుండెను. లెక్క ముగిసెను: గెలుపులు 73, ఓటములు 89. పదింటిలో తొమ్మిదవ స్థానము. పదవ స్థానమందున్న హ్యూస్టను జట్టుకంటె ఒక్క గెలుపు మాత్రమే ఎక్కువ.

ప్రియులారా, ఇక్కడ ఆగుదము. తరువాత ఏమాయెనో తెలిసినవారు కూడ ఇక్కడ ఆగుడి. 1968 సెప్టెంబరు చివర యజమానుడు వచ్చి చూచిన యెడల ఏమి కనబడును? ఓడినవి గెలిచినవాటికంటె పదునారు ఎక్కువ. తోటమాలి రోగి. చెట్టున పండు లేదు. అయితే పోయినేటికంటె పండ్రెండు గెలుపులు ఎక్కువ. ఆ పండ్రెండింటిని ఎవరు చూచెదరు?

ఈ సంగతి వ్రాయుచు మేము మా తప్పిదమును ఒప్పుకొనవలసియున్నది. మన సంఘములో ఒక సహోదరుడు త్రాగుడు మానివేసెదనని మూడు పర్యాయములు తీర్మానించుకొని మూడు పర్యాయములును పడిపోయెను. మేము దినదినము ప్రార్థించు పేర్లు వ్రాసికొను పుస్తకములో ఆయన పేరు మీద గీత గీసితిమి. ఎవరికిని చెప్పలేదు, గీసిన చేయి మాదే. కొంతకాలము క్రిందట ఆయన భార్య ఎదురైనప్పుడు క్షేమసమాచారమడిగితిమి. ఇప్పుడు నెలలో రెండు వారములు కూలి డబ్బు ఇంటికి చేరుచున్నదని ఆమె చెప్పెను. “మిగిలిన రెండు వారముల సంగతి ఏమమ్మా?” అని మేమంటిమి. ఆమె, “అయ్యగారండీ, పోయినేడు ఒక్క వారం కూడా రాలేదు గదండీ” అనెను.

మాకు మారుమాట లేకపోయెను. ఆ సహోదరి గెలుపులను లెక్కించుచుండెను, మేము ఓటములను లెక్కించుచుంటిమి. ఆ రాత్రి మేము గీసిన గీత ప్రక్కన ఆ పేరును మరల వ్రాసికొంటిమి. ఆయన ఇంకను పూర్తిగా విడుదల పొందలేదు. తొమ్మిదవ స్థానమందున్నాడు. తొమ్మిదవ స్థానము పదవ స్థానము కాదు.

ఇప్పుడు తరువాతి యేటి సంగతి చెప్పెదము. 1969లో హాడ్జెస్ కోలుకొని మరల వచ్చెను. మొదటి ఆట ఆ యేడును ఓడిరి! కాని ఆ సంవత్సరము 100 ఆటలు గెలిచి, వరల్డ్ సిరీసులో బాల్టిమోర్ జట్టును నాలుగు ఆటలకొకటిగా ఓడించిరి. ఆ పోటీ మూడవ ఆటలో ఏజీ పట్టిన రెండు బంతులను గూర్చి ఆ దేశస్థులు నేటికిని చెప్పుకొందురు. అక్టోబరు 16న జరిగిన అయిదవ ఆటలో మెట్సు వెనుకబడియుండగా, ఒకడు బంతిని మైదానము హద్దు అవతలికి కొట్టి లెక్క సమానము చేసెను. ఎవరతడు? హ్యూస్టనులో కాళ్ల సందున బంతిని పోగొట్టుకొనిన ఆల్ వైస్. ఆ జట్టులో చేరినప్పటినుండి తన సొంత మైదానములో ఆయన అట్లు కొట్టుట అదియే మొదలు. ఆనాడే 5–3తో గెలిచి సిరీసును ముగించిరి. హాడ్జెస్ 1972లో, నలువది ఎనిమిదేండ్లు నిండకమునుపే, గుండెపోటుతో మరణించెను. ఆ ఆటలోని గొప్పవారి వరుసలో ఆయన పేరు చేర్చినది 2022లో. అనగా ఆయన కన్నుమూసిన యాబది యేండ్లకు.

అయితే జాగ్రత్త. తొమ్మిదవ స్థానమందున్న ప్రతివానికి మరుసటి యేడే మొదటి స్థానము దొరకునని మేము బోధించుట లేదు. అట్లు బోధించినయెడల అబద్ధబోధకులమగుదుము. ఎన్నో జట్లు తొమ్మిదవ స్థానమునుండి మరల పదవ స్థానమునకు జారెను. గొడ్డలి మాటను తోటమాలియు కొట్టివేయలేదు, గడువడిగెను, అంతే. గడువు శాశ్వతము కాదు గనుక అలక్ష్యము చేయకుడి. ప్రభువు కథ ముగింపు ఎందుకు చెప్పలేదో మాకిప్పుడు కొంత తెలియుచున్నది. చెట్టు కాచెనని చెప్పియుండిన, తప్పక కాయు చెట్లకు మాత్రమే మనము ఎరువు వేసియుందుము. కాయలేదని చెప్పియుండిన, ఎవ్వరమును పలుగు పట్టకపోదుము. ముగింపు తెలియదు గనుకనే త్రవ్వుట విశ్వాసకార్యమగుచున్నది. మేలుచేయుటయందు విసుగకుడని గలతీ పత్రికలో పౌలు హెచ్చరించినది ఇట్టి పనివారినే.

కావున ఈ నెల ఒక పని చేయుదము. మీ ఇంటను, మీ వీధిలోను, మీ ప్రార్థనలోను ఎవరి పేరు మీద గీత గీసియున్నారో ఆ పేరును మరల వ్రాసికొనుడి. పోయినేడు ఎక్కడ నుండెనో, నేడు ఎక్కడ నున్నాడో నెమ్మదిగా చూడుడి. ఒక్క మెట్టు ఎక్కియున్న యెడల, దానికొరకు దేవుని స్తుతించుడి. ఆ మాట అతనితో చెప్పుడి. మీరే తొమ్మిదవ స్థానమందున్న యెడల, సిగ్గుపడి ఆట విడువకుడి. మీ చుట్టు త్రవ్వుచున్నవాని చేతులలో మేకుల గాయములున్నవి. మీ కొరకు గడువు అడుగుచున్నవాడు ఆయనయే.

ప్రార్థింతము: మా తోటమాలియైన ప్రభువా, మా ఓటముల లెక్కలో మమ్మును విడువక ఇన్నాళ్లు భరించినందుకు స్తోత్రము. మేము గీసిన గీతలను క్షమింపుము. నీవిచ్చిన ఈ సంవత్సరమును వృథాచేయకుండ మాకు కృపనిమ్ము. ఆమేన్.