దీవి ఎవరికి అందం?

2016 దాకా మహబూబ్‌నగర్ జిల్లాలో, ఇప్పుడు జోగులాంబ గద్వాల జిల్లాలో ఉన్న గుర్రంగడ్డ చుట్టూ కృష్ణా నదే. పైన జూరాల గేట్లెత్తితే రాకపోకలు బంద్. నేను వెళ్ళినప్పుడు వంతెన లేదు, పుట్టిలో దాటాను. హైదరాబాదు ట్రాఫిక్‌లోంచి వచ్చినవాణ్ణి కదా, ఆ నిశ్శబ్దానికి మురిసిపోయి "వంతెన వస్తే ఊరి కళే పోతుందేమో" అన్నాను. పుట్టి నడిపే పెద్దాయన నవ్వాడు: "నువ్వు పొద్దుగూకితే పోతవు బిడ్డా. నడిరాత్రి నొప్పులొస్తే మేమెట్ల పోవాలె?"

నేను ఊరి ప్రత్యేకత అనుకున్నదాంట్లో సగం వాళ్ళ ఇబ్బందే. వంతెనతో పోయేదీ ఏదో ఉంటుంది, కాదనను. కానీ దాన్ని వదులుకోవాలో వద్దో తేల్చాల్సింది వరదలో అక్కడే ఉండిపోయేవాళ్ళు. సాయంత్రం బస్సెక్కేవాడికి అందులో ఓటు లేదు.