బొమ్మ వెనుక చేయి

పొలానికి నీళ్ళు తోడే యంత్రాన్ని చేసిన ఇంజనీరుకూ, పిల్లవాడితో కబుర్లు చెప్పే బొమ్మను చేసిన ఇంజనీరుకూ నైతిక బాధ్యత ఒకటేనా? ఈ ప్రశ్నకు మనవాళ్ళ దగ్గర ఒక జవాబు ఎప్పుడూ సిద్ధంగా ఉంటుంది. యంత్రానికి నీతి లేదు, అవినీతీ లేదు. ఉన్నదంతా యాజమాన్యంలో ఉన్నది. యంత్రాలు ప్రజల చేతికి వచ్చిననాడు అన్నీ సర్దుకుంటాయి. చాలాకాలం నేనూ ఇదే చెబుతూ వచ్చాను. పోయిన సంక్రాంతికి, ఇంటర్మీడియెట్‌లో నా దగ్గర తెలుగు చదువుకున్న కుర్రవాడొకడు అనకాపల్లి వచ్చి, మా అరుగుమీద కూర్చుని, "మాస్టారూ, నేను చేస్తున్నది మంచి పనేనంటారా?" అని అడిగాడు. అతను బెంగుళూరులో ఒక కంపెనీకి రోబోలు తయారుచేస్తాడు. పాటలు పాడి, లెక్కలు చెప్పి, పిల్ల అలిగితే బుజ్జగించే బొమ్మలు. నేను అలవాటైన జవాబే చెప్పాను. "యజమాని సంగతి సరేనండి. బొమ్మను అలా చేసేది నేనే గదా?" అన్నాడు. ఆ మాటకు నాకు వెంటనే ఏమీ తోచలేదు.

రోబో అనే మాట చెక్ రచయిత కారెల్ చాపెక్ 1920లో ప్రకటించిన నాటకం నుంచి వచ్చింది. వెట్టిచాకిరి అనే అర్థమున్న చెక్ పదం దానికి మూలం. వెట్టికీ వినోదానికీ ఏమి సంబంధమని అడగవచ్చు. సంబంధం ఉన్నది, పాతది కూడాను. ఫ్రాన్సులో జాక్ వొకాన్సన్ అనే యంత్రశిల్పి 1738లో వేణువు ఊదే మనిషి బొమ్మనూ, మరుసటి సంవత్సరం ఒక యంత్రపు బాతునూ ప్రదర్శించాడు. ఆ బాతు రెక్కలు ఆడిస్తుంది, గింజలు తింటుంది, కాసేపటికి రెట్ట వేస్తుంది. జనం డబ్బిచ్చి మరీ చూశారు. తిన్న గింజలు లోపల అరగడం లేదనీ, రెట్టను ముందుగానే వేరే అరలో పెట్టి ఉంచారనీ తరువాత తేలింది. ఈ లోపల, 1741లో, ప్రభుత్వం ఇతన్ని పట్టు పరిశ్రమకు ఇన్‌స్పెక్టరుగా వేసింది. 1744లో కొత్త నిబంధనలమీద లియాన్ పట్టు కార్మికులు తిరగబడ్డారు. ఆ నిబంధనల్లో ఇతని చెయ్యి ఉన్నది. 1745 నాటికి తనంత తాను నేసే మగ్గాన్ని తయారుచేశాడు. బాతును చూసి చప్పట్లు కొట్టిన వర్గం వేరు, మగ్గాన్ని చూసి భయపడిన వర్గం వేరు. రెంటినీ చేసిన చేయి మాత్రం ఒకటే. వినోదానికి చేసింది వినోదంతోనే ఆగిపోతుందనుకోవడం అమాయకత్వం.

మన తెలుగువాళ్ళలో ఈ విద్యకు ఆద్యుడనదగిన వ్యక్తి రాజ్ రెడ్డి. 1937లో నాటి చిత్తూరు జిల్లా కాటూరులో పుట్టి, గిండీలో ఇంజనీరింగు చదివి, ఆస్ట్రేలియా మీదుగా స్టాన్‌ఫర్డ్ చేరి, 1966లో డాక్టరేటు పుచ్చుకున్నాడు. మనిషి మాటను యంత్రం పోల్చుకునేటట్టు చేయడం ఆయన పరిశోధన. 1979లో కార్నెగీ మెలన్ విశ్వవిద్యాలయంలో రోబోటిక్స్ సంస్థ ఏర్పడితే, దానికి మొదటి డైరెక్టరు ఆయనే. 1994లో ట్యూరింగ్ బహుమానం పంచుకున్నాడు. అయితే నాకు వీటికంటె ముఖ్యంగా తోచేది, యంత్రాన్ని పేద దేశాల చదువుకు ఉపయోగించాలన్న తపన ఆయనను విడవకపోవడం. పారిస్‌లో ఆ ఉద్దేశంతోనే పెట్టిన కేంద్రంలో పనిచేసినందుకు 1984లో ఫ్రెంచి ప్రభుత్వం గౌరవించింది. 2008లో నూజివీడు, బాసర, ఇడుపులపాయలలో పల్లెటూరి పిల్లలకోసం, పదో తరగతి కాగానే చేర్చుకుని ఆరేళ్ళు చదువు చెప్పే విశ్వవిద్యాలయం ఏర్పడినప్పుడు మొదటి ఛాన్సలరు కూడా ఆయనే.

ఏ మాటకామాటే చెప్పుకోవాలి. కూలివాళ్ళ పిల్లలు, చిన్నరైతుల పిల్లలు అక్కడ ఇంజనీర్లయ్యారు. ఇది చిన్న విషయం కాదు. కాని 2022 జూన్‌లో బాసర విద్యార్థులు ఎండా వానా లెక్కచేయక రోజుల తరబడి బైఠాయించారు. వాళ్ళు కోరినవాటిలో లాప్‌టాప్‌లున్నాయి, మంచి భోజనం ఉన్నది, పూర్తికాలపు వైస్ ఛాన్సలరు ఉన్నాడు, చాలినంతమంది అధ్యాపకులు ఉన్నారు. ఈ జాబితాలో లాప్‌టాపూ అధ్యాపకుడూ పక్కపక్కనే ఉండడం గమనించాలి. యంత్రాన్ని వాళ్ళు వద్దనలేదు. యంత్రం వచ్చింది గనుక మనిషి అక్కరలేదన్న ప్రభుత్వపు లెక్కను మాత్రం ఒప్పుకోలేదు. ఆ లెక్క ఇంజనీరు వేసింది కాదని నేను నమ్ముతాను. ఖర్చు తగ్గించుకోవాలనుకునే ప్రభుత్వానికి అతని బొమ్మ ఎంత చక్కని సాకుగా దొరుకుతుందో అతను ముందుగా ఆలోచించవద్దా?

ఇక బుజ్జగించే బొమ్మ సంగతి. అమెరికాలో మోక్సీ అనే రోబోను 5 నుంచి 10 ఏళ్ళ పిల్లలకు స్నేహితుడుగా అమ్మారు. ధర సుమారు 800 డాలర్లు. దాని తెలివి బొమ్మలో లేదు, ఎక్కడో దూరాన కంపెనీ కంప్యూటర్లలో ఉన్నది. 2024 డిసెంబరులో పెట్టుబడి దొరక్క కంపెనీ మూసివేస్తున్నామని ప్రకటించింది. నీ స్నేహితుడు ఇక మాట్లాడడని పిల్లలకు చెప్పవలసిన పని తల్లిదండ్రులమీద పడింది. అంతకుముందు 2017లో జర్మనీ ప్రభుత్వం కేలా అనే మాట్లాడే బొమ్మను నిషేధించింది. అది రహస్యంగా సంభాషణలు వినగల పరికరమన్నది కారణం. పిల్ల తన రహస్యం బొమ్మ చెవిలో చెబితే అది కంపెనీ చెవి అన్నమాట!

బొమ్మతో మాయచేయడమే తప్పని కొందరు వాదిస్తారు. నేనొప్పుకోను. తోలుబొమ్మలాటలో మాయ లేదా? కేతిగాడూ బంగారక్కా కొట్లాడుకుంటుంటే చిన్నపిల్లలు కడుపుబ్బ నవ్వుతారు. కాని తెర వెనుక మనిషి ఉన్నాడని ఊరంతటికీ తెలుసు. తెర అంచు తొలగించి తొంగిచూసిన కుర్రవాడికి ఆట చెడిపోదు. మర్నాడు వాడు అట్టముక్కలతో తానే ఒక రావణుణ్ణి చేస్తాడు. ఆ ఆటలో తెర పల్చనిది. సీమోర్ పాపర్ట్ బృందం 1967లో లోగో అనే కంప్యూటరు భాషను పిల్లలకోసం తయారుచేసి, తరువాత దానితో నడిచే యంత్రపు తాబేలునొకదాన్ని చేశారు. అందులో తాబేలు పిల్లవాడికి పాఠం చెప్పదు. ఎంత దూరం నడవాలో, ఎటు తిరగాలో పిల్లవాడే దానికి నేర్పుతాడు. తప్పు నేర్పితే తాబేలు తప్పుదోవన పోతుంది, వాడు మళ్ళీ ఆలోచిస్తాడు. యంత్రమూ పాతదే, పిల్లలూ పాతవాళ్ళే. ఎవరు ఎవరికి ఆజ్ఞ ఇస్తున్నారన్నదే ఇక్కడ తేడా.

ఇంత రగడ ఎందుకు, మన జిల్లాలోనే వరాహ నది ఒడ్డున ఏటికొప్పాక లక్కబొమ్మలున్నాయి గదా, అవే పిల్లలకివ్వండి అనే పెద్దమనుషులు మన ఊళ్ళో చాలామంది ఉన్నారు. అంకుడు కర్రను తరిమెన పట్టి, తిరుగుతూండగానే లక్క అద్దే ఆ పనితనాన్ని నేనూ గంటలకొద్దీ చూశాను. వాటికి 2017లో భౌగోళిక గుర్తింపు వచ్చింది. 2025 గణతంత్ర దినాన ఢిల్లీలో శకటమెక్కాయి. సంతోషమే. కాని చేతిపనిని పొగడుతూ తమ పిల్లల్ని మాత్రం రోబో క్లాసులకు పంపేవారి సలహాతో, తరిమెన తిప్పేవాడి కొడుకు కొత్త యంత్రం ముట్టుకోకుండా ఉండాలా? వాడికీ అది కావాలి, విప్పి చూడడానికి వీలుగా కావాలి.

మోక్సీ కథలో ఇంకో అధ్యాయం ఉన్నది. కంపెనీ మూతపడుతున్న రోజుల్లోనే, అందులో పనిచేసిన కొందరు సాంకేతిక నిపుణులు, ఆ బొమ్మ కంపెనీ కంప్యూటర్లమీద ఆధారపడకుండా ఇంట్లోనే నడిచేటట్టు ఒక ప్రోగ్రాము తయారుచేసి ఉచితంగా విడుదల చేశారు. వాళ్ళు ఆస్తి సంబంధాలను మార్చలేదు. యజమాని అనుమతి లేకుండా చేసిందీ కాదు. అయినా యాజమాన్యం మారేదాకా ఇంజనీరు చేయగలిగిందేమీ లేదన్న నా పాత జవాబు ఇక్కడ నిలవదు. బొమ్మను పుట్టించేటప్పుడే ఈ పని చేసి ఉండవచ్చు. ఒక్కడు అడిగితే ఉద్యోగం పోతుంది నిజమే. పదిమంది కలిసి అడిగితే ఏమవుతుందో మన చక్కెర మిల్లుల కార్మికులను అడిగితే చెబుతారు.

ఇదంతా నేను ఆ కుర్రవాడికి ఉత్తరంగా రాశాను. చివర, మీ బొమ్మను పిల్లవాడు విప్పి చూడవచ్చునా అని అడిగాను. నాలుగు రోజుల తరువాత ఫోను చేశాడు. "మా బొమ్మకు స్క్రూలే లేవండి మాస్టారూ. మొదటి నమూనాకు ఆరు పెట్టాను. తరువాత అంటించెయ్యమన్నారు, అంటించేశాం" అన్నాడు.