గోష్ఠియు పానపాత్రయు

లండను నగరమున ఫిట్జ్‌రాయ్ టావర్ను అను పానశాల కలదు. రెండు మహాయుద్ధముల నడుమ చిత్రకారుడు ఆగస్టస్ జాను, పిదప కవి డిలన్ తామసు మొదలగువా రచ్చట చేరి ప్రొద్దుపుచ్చిరి. ఆ పేటకు ఫిట్జ్‌రోవియా యను పేరు వచ్చుటకు నా పానశాలయే కారణమందురు. ఇట్టి కథలు చదివి, మద్యము లేనిదే కవుల నడుమ స్వేచ్ఛాగోష్ఠి పొసగదని తలచువారు మనలో కలరు. వారిని మేము బందరునకు రమ్మందుము.

1902లో పుట్టిన కృష్ణాపత్రికకు ముట్నూరి కృష్ణారావుగారు 1907 మొదలు 1945లో కీర్తిశేషులగువరకు సంపాదకులు. సాయంవేళల వారి చుట్టు చేరిన గోష్ఠికి దర్బారని పేరు. కవులు, గాయకులు, చిత్రకారులు, దేశభక్తులు అందు కూర్చుండిరి. ఊరును అట్టిదే. 1910లో వెలసిన ఆంధ్ర జాతీయ కళాశాలలో వంగదేశీయులగు ప్రమోదకుమార చటోపాధ్యాయగారు చిత్రలేఖనము నేర్పగా, అడివి బాపిరాజుగారు వారికి శిష్యులైరి.

పానశాల బిడియస్థుని నోరు విప్పించునను మాట నిజమే, మేము కాదనము. కాని అచ్చట చోటు దొరకుట సరకు అమ్ముడుపోవుటకొరకు. త్రాగినవాని మాటకు మరునాడు పూచీ యుండదు. మత్తులేని గోష్ఠిలోననో, "నిన్న నీవిట్లంటివే" యని నిలదీయవచ్చును. బిడియము తీర్చుటకు ఆదరించు పెద్ద యొక్కడు చాలును.

అయినను మద్యము లేనంతమాత్రమున దర్బారు నిర్దోషమగునా? దానినిగూర్చి మనము వినుచు వచ్చిన పేర్లు పురుషులవే. దీపాలవేళ భర్త గోష్ఠికేగ, అన్నము వార్చి కాచుకొని కూర్చున్న యిల్లాలికి ఆ సంభాషణలో దక్కిన పాలెంత? స్త్రీలకు ఆసక్తి లేదను సాకు బందరున చెల్లదు. పత్రిక పుట్టిన 1902లోనే ఆ యూరనే భండారు అచ్చమాంబగారు, ఓరుగంటి సుందరీ రత్నమాంబగారు బృందావన స్త్రీ సమాజమును నెలకొల్పిరి. మాటలాడ నేర్చినవారు, కూడి పనిచేయ నేర్చినవారు అచ్చటనే యుండిరి. త్రాగుడు పురుషుని ఇల్లు మరపించునని మనము నిందింతుము. తియ్యని సంభాషణయు నా పనియే చేసిన, ఇంట మిగిలిన యామెకు భేదమేమి?

నేడు బందరుననో గుడివాడలోననో దివిసీమలోననో సాహిత్యగోష్ఠి పెట్టదలచు మిత్రులు ముందుగా వేళను ఇల్లాండ్ర నడిగి నిర్ణయింపవలెను. సాయంకాలమే కావలెనన్నచో ఆనాటి వంట మగవారిది.