యుద్ధకథలయందు వీరుఁ డెవఁడు?

యుద్ధములను గూర్చియుఁ దిరుగుబాటులను గూర్చియు వ్రాయఁబడిన గ్రంథములను జదువవలయునా మానవలయునా యని మనలోఁ గొందఱు వాదించుచుందురు. నరహత్యను వర్ణించు పుస్తకములు మనస్సును గఠినపఱచునని యొకరందురు. అవి లేకున్న జాతికిఁ బౌరుషము నశించునని మఱియొకరందురు. ఈ రెండు పక్షములవారును గ్రంథములోని విషయమును జూచుచున్నారు గాని, గ్రంథకర్త యందు దేనిని మెచ్చుకొనుచున్నాఁడో దానిని జూచుట లేదు. రక్తపాతమును వర్ణించు గ్రంథమెల్లఁ జెడ్డది గాదు. పరాక్రమమును బొగడు గ్రంథమెల్ల మంచిదియుఁ గాదు. పుస్తకమును మూసిన పిమ్మట చదువరి యెవనిని వీరుఁడని తలఁచునో దానినిబట్టి యా పుస్తకముయొక్క గుణదోషములను నిర్ణయింపవలెనని మా యభిప్రాయము. ఇందులకు మనవారందఱు నెఱిఁగిన బొబ్బిలి యుద్ధముకంటె మంచి నిదర్శనము మాకుఁ గానరాలేదు.

ఆ యుద్ధము 1757వ సంవత్సరము జనవరి నెల 24వ తేదిని జరిగెను. విజయనగర ప్రభువైన విజయరామరాజునకును బొబ్బిలి ప్రభువైన రంగారావునకును బూర్వమునుండి వైరము కలదు. పొలములకుఁ బాఱు వాఁగుల నీటిని గూర్చిన తగవు సయితము ఆ వైరమునకుఁ గారణములలో నొకటియని చరిత్రకారుఁడగు రాబర్ట్ ఆర్మ్ వ్రాసియున్నాఁడు. ఉత్తర సర్కారులలో ఫ్రెంచివారి సేనాధిపతియైన బుస్సీ, విజయరామరాజు పక్షము వహించి, బొబ్బిలిని విడిచి వేఱొక చోటి భూములను దీసికొమ్మని రంగారావును గోరెను. తాతలనాఁటి నేలను విడుచుట కాతఁ డంగీకరింపలేదు. అంతట ఫిరంగులు కోటను బగులఁగొట్టెను. ఇఁక నిలువ శక్యము గాదని తోఁచినప్పుడు, లోపలి స్త్రీలును బిడ్డలును శత్రువుల చేతికిఁ జిక్కకుండుటకై కోటవారే యిండ్లకు నిప్పంటించి వారిని జంపిరి. పిదప రంగారావును నతని వారును బోరాడి మడిసిరి. మూఁడవ రాత్రి బొబ్బిలివారు గుడారముఁ జొచ్చి, నిద్రించుచున్న విజయరామరాజును బొడిచి చంపి, తామును అక్కడనే ప్రాణములు విడిచిరి.

ఈ వృత్తాంతమును దిట్టకవి నారాయణకవి రంగరాయ చరిత్రముగా రచించెను. కథకులు పల్లెపల్లెను బాడిరి. వేదము వేంకటరాయ శాస్త్రిగారు నాటకముగా వ్రాసిరి. 1964వ సంవత్సరమునఁ జలనచిత్రముగాఁ గూడ వెలువడెను. ఇన్ని రూపములఁ దాల్చిన కథలో జనుల నోట నేఁటికిని నాడుచున్న పేరు తాండ్ర పాపారాయనిది. పగ తీర్చిన కత్తిని అందఱును స్మరింతురు. కోటలోని స్త్రీల మరణమును మానరక్షణమని కొనియాడుదురు.

ఇచ్చట మన మొక్కింత నిలిచి యోచింపవలసియున్నది. ఆ స్త్రీలలో నొక్కతెనైన నీ యభిప్రాయ మేమని యడిగిన వారెవరు? చావునకు సిద్ధపడిన వీరపత్నులును వారిలో నుండవచ్చును. కాని చంటిబిడ్డ లేమని సమ్మతింతురు? తన ప్రాణమును దా నర్పించుట త్యాగము. ఇతరుల ప్రాణమును దా నర్పించుట త్యాగమెట్లగును? ఆనాఁటి సేనలు కోటలఁ జొచ్చినప్పుడు స్త్రీలకుఁ గలుగు దురవస్థలను దలఁచి రంగారావు భయపడుట నిష్కారణమని మేము చెప్పము. ఫిరంగి మ్రోఁతల నడుమ నిలిచిన మనుష్యుని, ఇంట సుఖముగాఁ గూర్చుండి చదువుకొనుచున్న మనము తేలికగాఁ దీర్పు చెప్పరాదు. అయినను గ్రంథకర్తకు ఫిరంగి మ్రోఁత లేదు. అతనికిఁ గాలమును గలదు, యోచనయుఁ గలదు. దుఃఖింపవలసిన దానిని దుఃఖింపక, పండుగవలె వర్ణించినయెడల నా దోషము రంగారావుది గాదు, గ్రంథకర్తది.

ఆర్మ్ వ్రాసిన చరిత్రములో, 1778వ సంవత్సరమున వెలువడిన భాగమున, ఈ యుద్ధమును గూర్చిన యొక సంగతి గలదు. పోరు ముగిసి లోపలికిఁ బోయిన విజేతలు, దగ్ధమైన యిండ్లను నందలి మృతులను జూచి, సంతోషము మఱచి నిశ్చేష్టులై నిలిచిరఁట. అప్పు డొక వృద్ధుఁడు ఒక బాలుని వ్రేలు పట్టుకొని దూరమునుండి వచ్చుచుండెను. సైనికు లాతనిని ఫ్రెంచి సేనానాయకుఁడైన లా యొద్దకుఁ దోడ్కొనిపోఁగా, ఈతఁడు రంగారావు కుమారుఁడనియు, తండ్రి యిష్టమునకు విరుద్ధముగాఁ దా నాతనిని గాపాడితిననియు నా వృద్ధుఁడు చెప్పెను. బుస్సీ యా బాలుని నాదరించి, తండ్రికి బదులుగా నిచ్చెదనన్న భూములకుఁ బ్రభువుగా నిర్ణయించెను. పద్మనాభ యుద్ధము జరిగిన 1794వ సంవత్సరముననే బొబ్బిలి సంస్థానము తిరిగి రంగారావు వంశమువారికిఁ జేరెను.

చదువరులారా! ఆర్మ్ గ్రంథమునందు ఆ వృద్ధునికిఁ బేరు లేదు. ఆతఁడు చేసిన కార్యమున కేమి పేరు పెట్టుదుము? ప్రభువాజ్ఞను మీఱెను గావున స్వామిద్రోహమని శాస్త్రము తెలిసినవారు కొంద ఱనవచ్చును. ఆతని కా సంశయము కలుగలేదని మన మనుకొనరాదు. తండ్రి యిష్టమునకు విరుద్ధమని తానే బయలుపఱచెను గదా! ఉప్పు తిన్న యింటి యాజ్ఞ యొకవైపు, పసివాని ప్రాణ మొకవైపు నుండఁగా నాతఁడు ప్రాణమువైపు మొగ్గెను. బొబ్బిలివారు ఫ్రెంచివారి యాజ్ఞను ధిక్కరించిరి. దానిని మనము తిరుగుబాటని పొగడుచున్నాము. ఈ వృద్ధుఁడు తన సొంత ప్రభువు నాజ్ఞనే ధిక్కరించెను. అందఱును గత్తి దూయుచుండఁగాఁ దానును దూయుటకుఁ గావలసిన ధైర్యముకంటె, అందఱును జావే మేలనుచున్నచోట నొక్క బిడ్డను బ్రదికించుటకుఁ గావలసిన ధైర్యము తక్కువది గాదు. సేవకునిపై ప్రభువునకుఁ గల యధికారము గొప్పదే కావచ్చును. నిర్దోషియగు శిశువును జావనిమ్మని మనస్సాక్షిని నిర్బంధించునంతటి యధికార మే ప్రభువునకును లేదు.

దీనినిబట్టి చరిత్రములే సత్యములు, కావ్యములు వ్యర్థములు అని మేము చెప్పఁబోవుట లేదు. ఆర్మ్ ఇంగ్లీషువారి సైనిక కార్యములను జెప్పుటకై గ్రంథము వ్రాసినవాఁడు. తెనుఁగు సంస్థానములు ఆతని కథకుఁ బ్రధానములు గావు. మఱి కావ్యమున కన్నులు తెఱచి వ్రాసిన మహాకవులు మనకుఁ గలరు. నిద్రించువారిని రాత్రివేళఁ జంపుట భారతమునందును గలదు. అశ్వత్థామ పగ పాపారాయని పగవంటిదే. కాని భారతమున నశ్వత్థామ వీరుఁడుగా మిగులలేదు. శిరోమణిని గోలుపోయి శాపగ్రస్తుఁడై తిరిగెను. ఆ వెంటనే స్త్రీపర్వము వచ్చును. తిక్కన సోమయాజి తెనిఁగించిన పదునైదు పర్వములలో నదియు నొకటి. నూర్వురు కొడుకులను గోలుపోయిన గాంధారి రణభూమికి వచ్చి, తన బిడ్డలకొఱకే గాక, శత్రుపక్షమువాఁడైన యభిమన్యునికొఱకును వాని భార్య యుత్తరకొఱకును గూడ వగచును. జయమును వర్ణించిన తరువాత ఆ జయమునకు మూల్య మెంతయో చూపక కవి చదువరిని విడువలేదు.

కావున యుద్ధగ్రంథములను మన యిండ్లనుండి వెడలఁగొట్ట నక్కఱ లేదు. వానిని బిల్లల చేతికిచ్చి యూరకుండుటయుఁ దగదు. బొబ్బిలి కథను బిడ్డలకుఁ జెప్పునప్పుడు పాపారాయని సాహసమునుఁ జెప్పుఁడు. రంగారావు స్వాతంత్ర్యాభిమానమునుఁ జెప్పుఁడు. దగ్ధమైన యిండ్లలోని వారిని గూర్చి దాఁపక చెప్పుఁడు. తుదకు, పొగలో నుండి బాలుని నడిపించుకొని వచ్చిన యా ముదుసలిని గూర్చియుఁ జెప్పి, వీరిలో నీ వెవరివలె నుండఁగోరుదువని యడుగుఁడు. ఆ ప్రశ్నకు బాలుఁడు వెంటనే యుత్తర మీయకున్నను చింత లేదు. అడుగుట యలవాటైన యింట, పగ తీర్చినవాఁడొక్కఁడే వీరుఁడను భ్రమ మెల్లమెల్లగఁ దొలఁగును.